పాఠం చెప్పే మనిషి పార్లమెంటుకు వెళ్తే: ఆచార్య రంగా గురించి మీకు తెలిసింది చెప్పండి

సోషల్ మాస్టారు | అక్టోబరు 26, ఆదివారం ఉదయం

అందరికీ నమస్కారం. నేను జిల్లా పరిషత్ హైస్కూల్లో సోషల్ చెబుతాను. నవంబరు 7 ఆచార్య ఎన్.జి. రంగా పుట్టినరోజు. ఆ రోజు తొమ్మిది, పది తరగతుల పిల్లలకి ఆయన గురించి ఒక గంట మాట్లాడమని మా హెచ్.ఎం. గారు నాకు అప్పగించారు. మా పిల్లలకి రంగా అంటే వ్యవసాయ విశ్వవిద్యాలయం పేరు, అంతే.

వారం నుంచి చదువుతున్నాను. 1900లో గుంటూరు జిల్లా నిడుబ్రోలులో రైతు కుటుంబంలో పుట్టారు. పూర్తి పేరు గోగినేని రంగనాయకులు. గుంటూరులో చదివి, ఆక్స్‌ఫర్డ్ వెళ్లి ఎకనామిక్స్‌లో బి.లిట్. తెచ్చుకున్నారు. మద్రాసు పచ్చయప్ప కాలేజీలో ప్రొఫెసర్‌గా చేరారు. 1930లో గాంధీజీ పిలుపు అందుకుని ఉద్యమంలోకి వచ్చేశారు. ఆ తర్వాత కేంద్ర శాసనసభ, రాజ్యాంగ పరిషత్తు, రాజ్యసభ, లోక్‌సభ. 1991లో పద్మవిభూషణ్ వచ్చింది. 1995లో కన్నుమూశారు.

ఇలా వరస పెట్టి చెబితే పిల్లలు పది నిమిషాల్లో కిటికీ బయటికి చూస్తారు. వాళ్లకి మనిషి కనపడాలి. నన్ను పట్టుకుని వదలని ప్రశ్న ఒకటుంది. జీతం, గౌరవం ఉన్న ప్రొఫెసర్ ఉద్యోగం వదిలి సభలోకి వెళ్లిన మనిషి, అక్కడ కూడా మాస్టారుగానే ఉన్నారా, లేక మారిపోయారా? మీ ఇళ్లలో పెద్దవాళ్లు చెప్పినవి, మీరు చదివినవి ఏమున్నా రాయండి.

నిడుబ్రోలు గేటు | అదే రోజు

మాస్టారూ, మా ఊరి మనిషి గురించి అడిగారు, ఊరుకుంటానా! పొన్నూరు వెళ్లేవాళ్లు రైలు దిగేది నిడుబ్రోలు స్టేషన్లోనే. రెండూ కలిసిపోయిన ఊళ్లు. బయటివాళ్లకి పొన్నూరు అంటే ఆంజనేయస్వామి గుడి. మాకు మాత్రం నిడుబ్రోలు అంటే రైతు పాఠశాల.

ఇది మీ పిల్లలకి తప్పకుండా చెప్పాలి. రంగా గారు కాలేజీ వదిలారు గానీ పాఠం వదల్లేదు. 1933లో సొంత ఊళ్లోనే రైతు విద్యాలయం పెట్టారు. వ్యవసాయం నేర్పడానికి కాదండీ. నాగలి పట్టడం మనవాళ్లకి ఎవరు నేర్పాలి? శిస్తు ఎలా కడతారు, జమీందారుకి, రైతుకి మధ్య చట్టం ఏం చెబుతుంది, సంఘం ఎలా పెట్టాలి, సభలో లేచి ఎలా మాట్లాడాలి, ఇవీ అక్కడి చదువు. అక్కడ తయారైనవాళ్లు తిరిగి పల్లెలకు వెళ్లి రైతు సంఘాలు కట్టేవాళ్లు.

అప్పటి పరిస్థితి కూడా చెప్పండి. 1929 తర్వాత ప్రపంచమంతా మాంద్యం. ధాన్యం ధర పడిపోయింది. సరిగ్గా అదే సమయంలో కృష్ణా, గోదావరి డెల్టాలో భూమి శిస్తును వందకి 18.75 చొప్పున పెంచుతామని మద్రాసు ప్రభుత్వం బయల్దేరింది. వినడానికి ఏదో లెక్కలా ఉంటుంది. అప్పటి భాషలో చెబితే రూపాయికి మూడణాలు. పంటకి వచ్చే డబ్బు తగ్గుతూ ఉంటే కట్టాల్సింది పెరుగుతోంది.

మా అమ్మమ్మ పుట్టిల్లు తణుకు వైపు. వాళ్ల ఇంట్లో ఒక రేకు పెట్టెలో పాత శిస్తు రసీదులు ఉండేవి. గుడ్డలో చుట్టి, వేపాకు వేసి దాచారు. చిన్నప్పుడు ఒకసారి విప్పి చూపించింది. కరణం రాసిన గొలుసుకట్టు రాత, ఒక్క అక్షరం విడిగా లేదు. "మీ తాతకి ఇది చదవడం రాదు, అయినా ఒక్కటీ పారేయలేదు" అంది. చదవలేని కాగితాన్ని ప్రాణంలా దాచుకున్న మనుషులు వాళ్లు. ఆ కాగితంలో ఏముందో చెప్పే మాస్టారు కావాల్సి వచ్చిన కాలం అది. నాకు రంగా గారి గురించి ఎప్పుడు విన్నా ఆ రేకు పెట్టే గుర్తొస్తుంది.

సోషల్ మాస్టారు | అదే రోజు రాత్రి

ఆ రేకు పెట్టె సంగతి నేను క్లాసులో చెప్పుకోవచ్చా అండీ? మీ పేరు చెప్పనులెండి.

నిడుబ్రోలు గేటు

నిరభ్యంతరంగా చెప్పండి మాస్టారూ. అమ్మమ్మ సంతోషిస్తుంది.

సివిల్స్ గది | అక్టోబరు 27

నేను హైదరాబాద్ అశోక్‌నగర్‌లో ప్రిపేర్ అవుతున్నాను. మాకు రంగా గారు పరిచయమయ్యేది ఎన్‌సీఈఆర్టీ పన్నెండో తరగతి హిస్టరీలో, రాజ్యాంగం తయారీ చాప్టర్‌లో. నేను తెలుగువాడిని అయ్యుండి ఆయన పేరు మొదట ఢిల్లీలో అచ్చయిన ఇంగ్లీషు పుస్తకంలో చదివానన్నమాట. ఆ రోజు బాధగా అనిపించింది.

రాబోయే రాజ్యాంగం ఏ ఆశయాల మీద నిలబడాలో చెప్పే లక్ష్యాల తీర్మానం మీద రాజ్యాంగ పరిషత్తులో చర్చ నడుస్తోంది. మైనారిటీలు అనే మాట అందరి నోటా ఉంది, దేశ విభజన ముందు రోజులు. రంగా గారు లేచి, అసలు మైనారిటీలు ఎవరు అని అడిగారు. హిందువులు కాదు, సిక్కులు కాదు, ముస్లింలు కూడా కాదు, ఈ దేశంలోని మామూలు జనమే అసలైన మైనారిటీలు అన్నారు. ఎందుకంటే వాళ్లని ఎంతగా అణిచేశారంటే, మామూలు పౌరహక్కుల్ని కూడా వాడుకోలేని స్థితిలో ఉన్నారు. హక్కు ఇచ్చామని కాగితం మీద రాస్తే చాలదు, వాళ్లకి ఊతకర్రలు కావాలి, ఎక్కడానికి నిచ్చెన కావాలి అన్నారు.

మాస్టారూ, మీ ప్రశ్నకి జవాబు ఇక్కడే ఉందనిపిస్తుంది. లాయర్లు ఆ సభలో చాలామంది ఉన్నారు. వాళ్లు హక్కు ఉందా లేదా అని చూశారు. ఈయన మాత్రం ఆ హక్కు చివరి బెంచీ పిల్లాడికి అందుతుందా అని చూశారు. అది క్లాసు చెప్పిన మనిషి చూపు.

అదే ప్రసంగంలో ఇంకో మాట ఉంది. మనం ఎవరి తరఫున ఇక్కడ కూర్చున్నాం? మామూలు జనం తరఫున. కానీ మనలో ఎక్కువమంది ఆ జనంలోని వాళ్లం కాదు. వాళ్లు ఇక్కడిదాకా రాలేకపోతున్నారు. వాళ్లు వచ్చేదాకా మనం ధర్మకర్తలం మాత్రమే. అర్థం ఇది. నేను దీన్ని ఒక కాగితం మీద రాసి గోడకి అంటించుకున్నాను. ఇంటర్వ్యూ కోసం కాదు. నాకోసం.

మగ్గం చప్పుడు | అక్టోబరు 27

మాది చీరాల దగ్గర. రైతుల సంగతే అందరూ చెబుతున్నారు కాబట్టి ఒక మాట కలుపుతాను. రంగా గారు ప్రొఫెసర్‌గా ఉన్న రోజుల్లోనే చేనేత ఆర్థిక పరిస్థితి మీద ఊరూరా తిరిగి, లెక్కలు రాసుకుని 1930లో పుస్తకం వేశారు. నూలు ఎవరి దగ్గర తెచ్చుకుంటున్నారు, అప్పు ఎంత, నూలిచ్చి నేయించుకునే మాస్టర్ వీవర్ ఎంత ఇస్తున్నాడు, చీర నేసేసరికి చేతిలో ఎంత మిగులుతుంది, ఇలాంటివి. ఎకనామిక్స్ అంటే ఇంగ్లండు పుస్తకాల్లోంచి చెప్పుకునే కాలంలో, గుంటమగ్గం పక్కన కూర్చుని నేతగాడి జమాఖర్చు రాసుకున్న ప్రొఫెసర్ ఆయన.

మా నాన్న నేత మానేసి ఇరవై ఏళ్లయింది. గుంట పూడ్చేసి పైన నాపరాళ్లు వేయించాడు. ఆ చోట ఇప్పటికీ ఎవరినీ మంచం వేయనివ్వడు. మా బతుకుని ఎవరో ఒకరు కూర్చుని లెక్క కట్టారన్న సంగతి తెలిసినప్పుడు నాన్నకి చెప్పాను. కాసేపు ఏమీ మాట్లాడలేదు. "రాసుకుని ఏం చేశాడు?" అని అడిగాడు. సభలో మాట్లాడాడు నాన్నా అని చెప్పాను. తల ఊపాడు.

వంశధార | అక్టోబరు 27

మాది శ్రీకాకుళం. మా వైపు నుంచి కూడా రంగా గారు ఎంపీ అని చాలామందికి తెలీదు. 1967లో స్వతంత్ర పార్టీ తరఫున శ్రీకాకుళం లోక్‌సభ నుంచి గెలిచారు. మా జిల్లా రైతు నాయకుడు సర్దార్ గౌతు లచ్చన్న గారు రంగా గారిని గురువులా చూసుకున్నారు. గుంటూరు మనిషిని సిక్కోలు జనం గెలిపించారంటే ఆ గురుశిష్యుల బంధమే కారణమని మా పెద్దలు చెబుతారు.

ఇంకొకటి. 1937–38లో రైతులు ఇచ్ఛాపురం నుంచి బయల్దేరి మద్రాసు దాకా నడిచారు. రెండు వేల మందికి పైగా, పదిహేను వందల మైళ్లకు పైగా, 130 రోజులు, తొమ్మిది జిల్లాలు. దారి పొడవునా సభలు పెట్టి వెయ్యీ నూరుకి పైగా అర్జీలు పోగుచేసి, 1938 మార్చి 27న మద్రాసు శాసనసభకి ఇచ్చారు. రంగా గారు, ఆయనతో పనిచేసినవాళ్లు కట్టిన రైతు సంఘమే దీనికి పునాది. పిల్లలకి మ్యాపు మీద చూపించండి మాస్టారూ. పైన ఇచ్ఛాపురం దగ్గర వేలు పెట్టి, కిందికి మద్రాసు దాకా లాగమనండి. 130 రోజులంటే నాట్ల నుంచి కోత దాకా ఒక పంటకాలం. అంతకాలం పొలం వదిలి నడిచారు.

రికార్డుల మనిషి | అక్టోబరు 28

గిన్నిస్ బుక్కులోకి ఎక్కిన పార్లమెంటేరియన్ ఆయన. అరవై ఏళ్లు ఏకధాటిగా ఎంపీ! ఇది మొదట చెప్పండి, పిల్లలు కళ్లు పెద్దవి చేసుకుంటారు.

సివిల్స్ గది

అన్నా, ఏకధాటిగా కాదు. రికార్డు నిజమే, చాలా సుదీర్ఘ జీవితం. కానీ మధ్యలో ఓటములు ఉన్నాయి. 1962లో తెనాలిలో ఓడిపోయారు. అదే ఏడాది అనంతశయనం అయ్యంగార్ గారు బీహార్ గవర్నర్‌గా వెళ్లడంతో చిత్తూరు ఖాళీ అయితే, ఉపఎన్నికలో అక్కడి నుంచి గెలిచి వచ్చారు. 1971లో శ్రీకాకుళంలో ఓడిపోయారు. 1977లో రాజ్యసభకి వచ్చేదాకా సభలో లేరు. 1980, 84, 89లో గుంటూరు నుంచి మూడుసార్లు వరసగా గెలిచారు.

మాస్టారు ఓటములు కూడా చెబితే బాగుంటుంది. తెనాలి ఆయన సొంత గడ్డ, అక్కడే ఓడి, రాయలసీమ పోయి గెలిచారు. పరీక్ష తప్పిన పిల్లాడికి ఆ ముక్క పనికొస్తుంది.

రికార్డుల మనిషి

సరిదిద్దినందుకు థ్యాంక్స్ తమ్ముడూ. 1984 సంగతి గుర్తుందా? ఇందిరాగాంధీ హత్య తర్వాత దేశమంతా కాంగ్రెస్ గాలి. మన రాష్ట్రంలో మాత్రం ఎన్టీఆర్ ప్రభంజనం. 42లో కాంగ్రెస్‌కి వచ్చినవి ఆరే సీట్లు. ఆ ఆరులో గుంటూరు ఒకటి. అప్పుడు రంగా గారికి ఎనభై నాలుగేళ్లు.

కళ్లం దగ్గర | అక్టోబరు 28

నేను కాస్త కష్టంగా ఉండే మాట చెప్పాలి. ఎవరూ అపార్థం చేసుకోవద్దు.

మా నాయనమ్మ డెల్టాలో నాట్లు వేసిన మనిషి. మాకు సెంటు భూమి లేదు. ఈ చర్చ మొదటి నుంచి చదువుతున్నాను. రైతు, రైతు, రైతు. ఆ మాటలో మా నాయనమ్మ ఉందా? శిస్తు పెరిగితే రసీదు ఉన్నవాడికి దెబ్బ. మాకు రసీదే లేదు. రేకు పెట్టె గురించి చదివినప్పుడు నిజంగా కళ్లు చెమర్చాయి, కానీ మా ఇంట్లో దాచుకోవడానికి అలాంటి కాగితం ఏదీ ఉండదు కదా అనిపించింది.

1959లో నాగపూర్‌లో కాంగ్రెస్ తీర్మానం చేసినప్పుడు అందులో రెండున్నాయి: ఉమ్మడి సహకార వ్యవసాయం, భూమికి సీలింగు, అంటే ఒకరి చేతిలో ఇంతకు మించి భూమి ఉండకూడదన్న హద్దు. రంగా గారు కాంగ్రెస్ పార్లమెంటరీ పార్టీ కార్యదర్శి పదవి వదులుకుని, రాజాజీతో కలిసి స్వతంత్ర పార్టీ పెట్టి రెండింటినీ వ్యతిరేకించారు. ఉమ్మడి వ్యవసాయం అంటే చిన్న రైతు భూమి చేజారుతుందన్న భయం నాకు అర్థమవుతుంది. కానీ సీలింగు రెండెకరాల వాడిని ముట్టుకోదు. ముట్టుకునేది వందల ఎకరాల వాడిని. ఆ మిగులు భూమి వచ్చి ఉంటే నాయనమ్మ లాంటి వాళ్లకి ఎకరమో అరెకరమో దక్కేది. ఆయన గొప్పవారు కాదని అనను. నిచ్చెన కావాలన్న మనిషి, ఆ నిచ్చెన మా దగ్గరకి వచ్చేసరికి అడ్డం నిలబడ్డారెందుకు అని అడుగుతున్నాను.

నిడుబ్రోలు గేటు | అదే రాత్రి

మీరు అడిగింది న్యాయమైన ప్రశ్న. మీరు రాసింది చదివాక గంటసేపు ఏమీ రాయలేకపోయాను.

ఆయన తన ఇంటి మంచినీళ్ల బావిని దళితులకి తెరిచిన మనిషి. డెల్టా పల్లెల్లో ఆ రోజుల్లో అది చిన్న పని కాదు, సొంత కులం వాళ్లతోనే పోట్లాట. అయినా బావి వేరు, భూమి వేరు. నేను దాన్ని మీ ప్రశ్నకి జవాబుగా చెప్పను.

సొంత భూమి సొంతగా దున్నుకునే కుటుంబమే దేశానికి పునాది అని ఆయన గట్టి నమ్మకం. ఆ నమ్మకం నుంచి చూస్తే రాజ్యం భూమి మీద చెయ్యి వేయడం ఏ రూపంలో వచ్చినా ప్రమాదంగానే కనపడింది. 1964లో పదిహేడో రాజ్యాంగ సవరణ వచ్చి రైతు నేరుగా ప్రభుత్వానికి శిస్తు కట్టే రైత్వారీ భూముల్ని కూడా, ప్రభుత్వం స్వాధీనం చేసుకోగల 'ఎస్టేటు' అన్న మాట కిందికి తెచ్చినప్పుడు, స్వతంత్ర పార్టీ గట్టిగా ఎదిరించింది. చివరికి ఆ సవరణలోనే, సీలింగు లోపల సొంతంగా సాగుచేసుకునే భూమి తీసుకుంటే మార్కెట్ ధర ఇవ్వాలన్న రక్షణ చేరింది. చిన్న రైతుకి అది మేలే. కూలికి మాత్రం ఏమీ రాలేదు. అక్కడ మీ మాటే నిజం.

ఎర్రమట్టి దారి | అక్టోబరు 29

ఆయన 1936లో లక్నోలో అఖిల భారత కిసాన్ సభ పుట్టినప్పుడు ప్రధాన కార్యదర్శి. స్వామి సహజానంద సరస్వతి అధ్యక్షుడు. తర్వాత పుచ్చలపల్లి సుందరయ్య గారు, ఇంకా ఎందరో వామపక్షం వాళ్లు కోస్తాలో రైతుల్లోకి, కూలీల్లోకి వెళ్లారు. కొత్తపట్నంలో, మంతెనవారిపాలెంలో వేసవి రాజకీయ పాఠశాలలు పెట్టారు. ఆ పాఠశాలలు నడవడానికి డబ్బు, బియ్యం, పప్పులు రైతుల దగ్గరే పోగుచేశారు. రంగా గారి దారి, వాళ్ల దారి తర్వాత విడిపోయాయి. 1955 ఆంధ్ర ఎన్నికల్లో ఆయన కృషికార్ లోక్ పార్టీ కాంగ్రెస్‌తో కలిసి కమ్యూనిస్టులకి ఎదురు నిలబడింది. మా ఇంట్లో ఆయన పేరు మంచిగా వినపడేది కాదు, అది దాచను.

అయినా ఒకటి ఒప్పుకుంటాను. రాజకీయం అంటే మైకు ముందు ఉపన్యాసం కాదు, ముందు కూర్చోబెట్టి చదువు చెప్పాలి అన్న అలవాటు మన కోస్తాలో రెండు పక్షాలకీ ఉండేది. నిడుబ్రోలు బడి అందులో మొదటి వరసది. ఇవాళ ఏ పార్టీ అయినా కార్యకర్తని కూర్చోబెట్టి నెల రోజులు ఎకనామిక్స్ చెబుతోందా?

మా దిక్కు టీచర్ | అక్టోబరు 29

నేను తెలంగాణ నుంచి, ప్రైమరీ స్కూల్ టీచర్ని. మా దిక్కు కూడా మాస్టార్లు సభకు పోయినరు. 2007లో శాసనమండలి మళ్లా మొదలైనప్పుడు చుక్కా రామయ్య సార్ ఉపాధ్యాయ నియోజకవర్గం నుంచే ఎమ్మెల్సీ అయినరు. నల్లకుంటల లెక్కలు చెప్పిన సార్ మండలిల నిలబడితే మాకు అదొక ధైర్యం.

ఇదే సందర్భంల ఒక సంగతి. రాజ్యాంగం 171వ అధికరణం ప్రకారం మండలిల పన్నెండో వంతు మందిని టీచర్లు ఎన్నుకోవాలె. అయితే సెకండరీ స్కూల్ స్థాయికి తక్కువ కాని సంస్థల మూడేండ్లు పనిచేసినోళ్లకే ఓటు. ఒకటో తరగతి పిల్లకు అ, ఆ దిద్దించే నాకు ఆ ఓటు లేదు. కళ్లం దగ్గర అక్క రైతు అన్న మాటల మా నాయనమ్మ ఉందా అని అడిగింది. టీచర్ అన్న మాటల నేనున్ననా అని నాకు ప్రతి ఎలక్షన్‌ల అనిపిస్తది.

సోషల్ మాస్టారు

మీరు చెప్పేదాకా నేను దీన్ని ఈ కోణంలో చూడలేదు మేడం. నాకు ఓటు ఉంది. మా ఊరి ప్రైమరీ స్కూల్లో పిల్లల్ని నాకు తయారు చేసి పంపే ఆవిడకి లేదు.

మగ్గం చప్పుడు

ఒక చిన్న ముచ్చట. 1952 నుంచి 57 దాకా రంగా గారు రాజ్యసభలో ఉన్నారు. అప్పుడు సభాపతి స్థానంలో ఉన్నది సర్వేపల్లి రాధాకృష్ణన్ గారు. ఇద్దరూ మద్రాసు కాలేజీల్లో పాఠాలు చెప్పినవాళ్లే, ఇద్దరికీ ఆక్స్‌ఫర్డ్‌తో సంబంధం ఉన్నదే. కుర్చీలో ఒక మాస్టారు, కింద బల్ల దగ్గర ఒక మాస్టారు.

లాం ఫారం | అక్టోబరు 30

నేను అగ్రికల్చర్ బీఎస్సీ చదివాను. 1964లో పెట్టిన ఆంధ్రప్రదేశ్ వ్యవసాయ విశ్వవిద్యాలయానికి 1996 నవంబరు 7న ఆయన పేరు పెట్టారు. రాష్ట్రం విడిపోయాక రాజేంద్రనగర్‌ది ప్రొఫెసర్ జయశంకర్ గారి పేరుతో తెలంగాణకి, రంగా గారి పేరు గుంటూరు దగ్గర లాంకి వచ్చింది. రెండు వ్యవసాయ విశ్వవిద్యాలయాలకీ ఎకనామిక్స్ చెప్పిన మాస్టార్ల పేర్లే ఉండటం నాకు చాలా ఇష్టం.

మాస్టారూ, మీకు ఒక సలహా. ఉపన్యాసం సగం తగ్గించండి. రంగా గారు సభలో మాట్లాడటానికి ముందు చేసిన పని ఏంటి? ఊళ్లోకి వెళ్లి అడగడం, రాసుకోవడం. మీ పిల్లలతో అదే చేయించండి. ఒక్కొక్కరూ ఒక్క ఇంటికి వెళ్లి నాలుగు ప్రశ్నలు అడగాలి. ఎంత సాగు చేస్తున్నారు? భూమి సొంతమా, కౌలా? పెట్టుబడి ఎక్కడ తెచ్చారు? అమ్మాక చేతిలో ఏం మిగిలింది? మా కాలేజీలో ఊళ్లో ఉండి పనిచేసే కోర్సు ఒకటి ఉంటుంది. నాలుగేళ్ల చదువులో నాకు గట్టిగా గుర్తుండిపోయింది అదే.

కళ్లం దగ్గర

ఐదో ప్రశ్న కలపండి మాస్టారూ. ఈ పొలంలో కూలికి ఎవరు వచ్చారు, వాళ్లకి రోజుకి ఎంత ఇచ్చారు? అది అడగకపోతే మళ్లీ మేము లెక్కలోకి రాము.

సోషల్ మాస్టారు

కలుపుతాను. తప్పకుండా.

సోషల్ మాస్టారు | నవంబరు 9, ఆదివారం

అందరికీ పేరుపేరునా కృతజ్ఞతలు. ఏం జరిగిందో చెప్పాలి కదా.

శుక్రవారం గంట అనుకున్నది రెండు గంటలైంది. మొదట రేకు పెట్టె సంగతి చెప్పాను. రూపాయికి మూడణాలు అంటే ఎంతో బోర్డు మీద చేయించాను. అణా అంటే వాళ్లకి తెలీదు, పదహారు అణాలు ఒక రూపాయి అని అక్కడి నుంచి మొదలుపెట్టాల్సి వచ్చింది. ఇచ్ఛాపురం నుంచి మద్రాసు దాకా మ్యాపు మీద ఇద్దరు పిల్లలు దారం పరిచారు. రాజ్యాంగ పరిషత్తులో ఆయన అడిగిన ప్రశ్న ఒక అబ్బాయి చేత గట్టిగా చదివించాను. తెనాలి ఓటమి కూడా చెప్పాను.

సీలింగు గొడవ చెప్పాలా వద్దా అని రాత్రంతా ఆలోచించాను. పుట్టినరోజు సభలో అవసరమా అని హెచ్.ఎం. గారు కొంచెం టెన్షన్ పడ్డారు. చెప్పాను. పదో తరగతి పిల్లలు దాని మీదే ఎక్కువసేపు వాదించుకున్నారు. పొలం ఉన్న ఇంటి పిల్లలు ఒకవైపు, లేనివాళ్లు ఒకవైపు అవుతారేమో అని భయపడ్డాను. అలా కాలేదు, కలిసిపోయి వాదించుకున్నారు.

అసలు సంగతి సర్వే. ముందు వారమే నోట్‌బుక్కులు ఇచ్చి పంపాను. ముప్పై నాలుగు మంది రాసుకొచ్చారు. కొందరు ఏదో రాశారు, కొందరు బాగా రాశారు. తొమ్మిదో తరగతి అమ్మాయి ఒకతి పక్కింటికి వెళ్లకుండా వాళ్ల అమ్మనే అడిగి రాసుకొచ్చింది. వాళ్లది కౌలు. నేను ఇచ్చిన నాలుగు గళ్లూ, కళ్లం దగ్గర మేడం చెప్పిన ఐదో గడీ నింపింది. కూలి గడిలో "అమ్మ, నేను (ఆదివారాలు)" అని రాసి, ఎంత ఇచ్చారు అన్న చోట గీత పెట్టింది. దాని కింద తనే స్కేలు పెట్టి ఆరో గడి గీసుకుంది. దానికి పేరు "ఎప్పుడు కట్టాలి" అని పెట్టి రాసింది: ఎకరానికి పదిహేను బస్తాలు, పండినా పండకపోయినా.

ఆ గడి నాకు తట్టలేదు, మనలో ఎవరికీ తట్టలేదు. రేపు సోమవారం మిగతా ముప్పై మూడు నోట్‌బుక్కుల్లో కూడా ఆ గడి గీయించి, మళ్లీ అవే ఇళ్లకి పంపుతున్నాను.

కళ్లం దగ్గర

అమ్మాయికి నా తరఫున ఒక మంచి పెన్ను కొనివ్వండి మాస్టారూ. డబ్బులు పంపుతాను.